మూడో మెట్టు మీద సైరన్

ఆ ఉదయం కంప్యూటర్ సారు వేసుకున్న పథకంలో వంక పెట్టడానికేమీ లేదు. పొద్దున్నే ఫ్యాక్టరీకి వెళ్లాలి, స్టోరు గదిలోని పాత కంప్యూటర్ పెట్టెలోంచి ప్రాసెసర్ చిప్పు ఊడదీయాలి, బడిలో ప్రదర్శన మొదలయ్యేలోగా దాన్ని కూతురి చేతిలో పెట్టాలి. గొడుగుల ఫ్యాక్టరీలో ఉన్న కంప్యూటర్లన్నిటికీ ఆయనే దిక్కు గనుక అక్కడ అందరూ ఆయన్ను కంప్యూటర్ సారు అనేవారు. ఒళ్లు మండినప్పుడు భార్య కూడా అలాగే పిలిచేది.

కూతురు ఆరో తరగతి చదువుతోంది. థర్మోకోల్‌తో మెట్లు కట్టి, మెట్టుకొక చిప్పు చొప్పున, ప్రాసెసర్లు పాతకాలం నుంచి నేటిదాకా ఎలా ఎదిగాయో చూపించాలని ఆ పిల్ల పట్టుదల. చెడిపోయిన క్యాలిక్యులేటర్‌లోది మొదటి మెట్టెక్కింది. ఎవరో పారేసిన వీడియోగేమ్‌లోది రెండో మెట్టెక్కింది. నాలుగోదీ అయిదోదీ మేనమామ ఇంటి అటక మీద దొరికాయి. మూడో మెట్టు ఖాళీగా ఉంది. దాని కింద అంటించే చీటీ మాత్రం రంగు పెన్నుతో ముందే సిద్ధమైపోయింది: "నెమ్మది. ఇప్పుడు వాడుకలో లేదు."

"తెస్తానన్నానుగా అమ్మలూ, బెంగ పెట్టుకోకు," అన్నాడాయన చెప్పులు వేసుకుంటూ.

"మరిచిపోయినా పర్లేదు నాన్నా. అక్కడ ప్రశ్న గుర్తు పెట్టేస్తాను," అంది పిల్ల, తల్లి చేత జడ వేయించుకుంటూ.

ఆ మాటలో కోపం లేదు. అందుకే ఆయనకు మరీ గుచ్చుకుంది. పోయిన ఏడాది గాలిమరకు మోటారు తెస్తానని మరిచిపోతే, ఆ పిల్ల రోజంతా గాలిమర రెక్కల్ని నోటితో ఊదుతూ నిలబడింది. చూడటానికి వచ్చినవాళ్లందరూ జాలిపడి వెళ్లారు. ఈసారీ మాట తప్పితే తిట్టదు, అలగదు, ఇక మీదట ఏదీ అడగదు. తండ్రిని అంతకన్నా గట్టిగా శిక్షించే మార్గం లేదని ఆయనకు తెలుసు.

స్టోరు గదిలోని పాత పెట్టె ఊరికే పడి ఉన్న సామాను కాదు. ఫ్యాక్టరీ సైరన్ మోగించేది అదే. ఒకప్పుడు సైరన్ బొత్తాం మేనేజరు చేతిలో ఉండేది. ఆయన గడియారం ఉదయం ముందుకీ సాయంత్రం వెనక్కీ నడిచేది. దాని మీద పెద్ద సమ్మె జరిగి, చివరికి రాజీ కుదిరింది. సైరన్‌కు మనిషి చెయ్యి తగలకూడదు, పని జరిగే హాల్లో గడియారం ఉండకూడదు, సైరన్ ఏది చెబితే అదే వేళ. తర్వాత సెల్‌ఫోన్లు వచ్చినా గేటు దాటి లోపలికి రాలేకపోయాయి. అప్పటి కంప్యూటర్ సారు ఆ పెట్టెను సైరన్ తీగకు కట్టేసి, తర్వాత వేరే ఉద్యోగం చూసుకుని వెళ్లిపోయాడు. పెట్టె మాత్రం దుమ్ములో కూర్చుని ఏనాడూ తుమ్మకుండా దగ్గకుండా పని చేసింది.

ఇప్పుడేమో ఆఫీసుకు కొత్త కంప్యూటర్ వచ్చింది. పాతదానికన్నా ఎన్నో రెట్లు వేగం. ఇంత ఘనుడికి సైరన్ మోగించడం ఒక లెక్కా అనుకున్నాడు కంప్యూటర్ సారు. పాత పెట్టెలోని డిస్కు తీసి కొత్తదానికి తగిలించాడు, సైరన్ తీగ మార్చాడు, షిఫ్టు వేళకు ప్రోగ్రామ్ మొదలుపెట్టాడు. సైరన్ ఖంగుమని మోగింది. పాత చిప్పును చేతిరుమాలులో చుట్టుకుని, రెండు వీధుల అవతల ఉన్న బడికి పరుగులాంటి నడకతో వెళ్లాడు.

చిప్పుకు అడుగున వరసగా పిన్నులు ఉండటంతో, మూడో మెట్టు మీద పెట్టి నొక్కగానే థర్మోకోల్‌లోకి మెత్తగా దిగి కూర్చుంది.

"నిజంగానే తెచ్చావే!" అంది పిల్ల. ఆ ముఖం చూసి ఆయన కడుపు నిండిపోయింది. అంతలో దూరంగా సైరన్ వినిపించింది.

"మీ సైరనే నాన్నా."

"కొత్త పెట్టె కదా. కూత ఎంత ఖంగుమంటోందో విను," అన్నాడాయన గర్వంగా. వెంటనే మళ్లీ మోగింది. కాసేపటికి మరోసారి మోగేసరికి ఆయన ముఖంలో నవ్వు అలాగే ఉంది గానీ కాళ్లు అప్పటికే వీధిలోకి వచ్చేశాయి.

ఆ చుట్టుపక్కల వీధులు కూడా ఆ సైరన్‌కే అలవాటు పడి ఉన్నాయి. ఇస్త్రీ బండి అతను బొగ్గులు ఆర్పేసి బట్టలు సర్దుకుంటున్నాడు. ఒక అవ్వ, అప్పుడే నిద్ర లేచిన మనవణ్ణి మధ్యాహ్నం నిద్రకు జోకొడుతోంది. వాడు లబోదిబోమంటున్నాడు.

ఫ్యాక్టరీ గేటు దగ్గర పనివాళ్లు టిఫిన్ డబ్బాలు పట్టుకుని ఇళ్లకు బయల్దేరుతున్నారు. సైరన్ మళ్లీ మోగింది. అందరూ ఆగి, ఒక్కుమ్మడిగా వెనక్కి తిరిగి లోపలికి నడిచారు. వారి ముందు కార్మిక సంఘం కార్యదర్శి ఉన్నాడు. ఒప్పందం మొత్తం కంఠతా వచ్చిన మనిషి గనుక ఆయన్ను రూలన్న అనేవారు.

"ఏం జరుగుతోందన్నా?" అన్నాడు కంప్యూటర్ సారు రొప్పుతూ.

"నిన్నటి షిఫ్టు అయిపోయింది సార్. ఇవాళ్టి షిఫ్టుకు వస్తున్నాం," అన్నాడు రూలన్న.

"నిన్నటిదేమిటి? మీరు పనిలోకి దిగి గంట కూడా కాలేదు! పైకి చూడు, ఎండ ఎక్కడుందో!"

"ఎండ ఒప్పందంలో లేదు సార్."

"అది తప్పు మోగుతోందని నీకూ తెలుసు కదన్నా!"

రూలన్న ముఖం గంభీరమైంది. "తెలిసినా అనకూడదు సార్. ఇవాళ సైరన్ తప్పని మేమంటే, రేపు మేనేజరూ అంటాడు. సమ్మెలో మావాళ్లు పస్తులున్నది ఇందుకా?"

"మరి ఇదెప్పుడు ఆగుతుంది?" అన్నాడు కంప్యూటర్ సారు నీరసంగా.

"ఆదివారం సైరన్ ఉండదు కదా సార్. ఈ లెక్కన కాసేపట్లో వచ్చేస్తుంది."

కంప్యూటర్ సారు ఆదివారం కోసం ఆగలేదు. ఆఫీసులోకి దూకి ప్లగ్గు పీకాడు. సరిగ్గా అప్పుడే భోజనం సైరన్ మోగి ఉండటంతో హాల్లో అందరూ రెండో రోజు భోజనానికి కూర్చున్నారు. డబ్బాల్లో ఉన్నది మొదటి రోజు భోజనంలోనే అయిపోయింది. అయినా మూతలు తీసి, ఖాళీ డబ్బాల ముందు మర్యాదగా కూర్చున్నారు. భోజనం ముగిసిందని సైరన్ చెప్పేదాకా ఎవరూ లేవరు. గేటు బయట గొడుగులు ఎక్కించుకోవాల్సిన లారీ హారన్ కొడుతోంది. వానలు దగ్గర పడ్డాయి, సరుకు ఆ రోజే వెళ్లాలి.

ప్రోగ్రామ్ తెరిచి ఆ మూల నుంచి ఈ మూలకు చదివితే గానీ అసలు సంగతి బోధపడలేదు. పాత పెట్టెలో గడియారం నడిపే బ్యాటరీ ఎప్పుడో చచ్చిపోయింది. కొత్త బ్యాటరీ వేయడానికి బద్ధకించిన ఆ వెనకటి పెద్దమనిషి, పెట్టెకు అంకెలు లెక్కపెట్టడం నేర్పి వదిలేశాడు. ఇంత పెద్ద అంకె దాకా లెక్కపెట్టు, సైరన్ మోగించు, మళ్లీ మొదలెట్టు. ఆ అంకెలన్నీ పాత చిప్పు నడకకు కొలిచి పెట్టినవి. ఇప్పుడు కొత్తదాని వేగానికి తగినట్టు మార్చి, సరిచూసుకోవాలంటే చీకటి పడుతుంది. మిగిలిన దారి ఒక్కటే, అది మూడో మెట్టు మీద ఉంది.

బడికి తిరిగి వెళ్లేసరికి కూతురి మెట్ల ముందు ముఖ్య అతిథి నిలబడి ఉన్నాడు. ఆయన గొడుగుల ఫ్యాక్టరీ యజమాని పెద్ద సారు.

"మరి ఈ మూడోదేమిటమ్మా?"

"ఇది వాడుకలో లేదండీ. మా నాన్న ఆఫీసులో దీన్ని తీసేసి కొత్తది పెట్టారు. అది దీనికన్నా ఎన్నో రెట్లు వేగం."

"అభివృద్ధి అంటే అదీ!" అని మెచ్చుకుంటూ పక్కకు తిరిగిన పెద్ద సారుకు, చెమటలు కక్కుతున్న తన ఉద్యోగి కనిపించాడు. "ఏమయ్యా, షిఫ్టు నడుస్తుంటే ఇక్కడేం చేస్తున్నావు?"

"ఒకటిన్నర షిఫ్టులు అయిపోయాయండీ," అని కంప్యూటర్ సారు ఉన్నదున్నట్టు చెప్పేశాడు. యజమానికి చెప్పడం కష్టం కాలేదు. కూతురికి చెప్పడమే కష్టమైంది.

"అమ్మలూ, ఆ చిప్పు కావాలి."

పిల్ల మూడో మెట్టు మీద చెయ్యి పెట్టింది. "మళ్లీ ఖాళీయేనా నాన్నా?"

"ఖాళీయే. తప్పు నాదేనమ్మా."

"కొత్తది అంత వేగం కదా, దానికెందుకు రాలేదు?"

"దాగుడుమూతల్లో కళ్లు మూసుకుని వంద లెక్కపెడతారు చూడు. పాతది నిదానంగా పెట్టేది. కొత్తది కళ్లు మూసీ మూయకముందే వంద అనేసింది."

"తొండి," అంది పిల్ల తేల్చేస్తూ. తర్వాత రెండు చేతులతో పట్టుకుని, ఒక్క పిన్నూ వంగకుండా చిప్పును పైకి లాగి ఆయన రుమాలులో పెట్టింది. పెన్ను తీసి ఖాళీ మెట్టు మీద ప్రశ్న గుర్తు గీసింది. "అడిగినవాళ్లకు నేను చెప్పుకుంటాలే నాన్నా, నువ్వెళ్లు."

అంతకన్నా నాలుగు తిట్టినా బాగుండుననిపించింది ఆయనకు. పెద్ద సారు ఆ ప్రశ్న గుర్తు వంక చూశాడు, ఎక్కమని తన కారు తలుపు తీశాడు.

చిప్పూ డిస్కూ తీగా మళ్లీ పాత పెట్టెలో అమిరేసరికి నిజమైన మధ్యాహ్నం కూడా వచ్చి వెళ్లింది. ఎక్కడి నుంచి మొదలుపెట్టాలని పెట్టె అడిగింది. భోజనం ముగింపు నుంచి, అని చెప్పాడు కంప్యూటర్ సారు. సైరన్ మోగింది. రూలన్న లేచి, ఏమీ తినని చెయ్యి శుభ్రంగా కడుక్కుని పనిలో కూర్చున్నాడు. లారీలోకి గొడుగులు ఎక్కడం మొదలైంది.

ఇక తన ఉద్యోగం సంగతే మిగిలిందని కంప్యూటర్ సారు చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

"ఆ కొత్తదాంట్లోనూ ఇలాంటి చిప్పు ఉంటుందా?" అన్నాడు పెద్ద సారు.

"ఉంటుందండీ."

"ఊడదియ్యి."

"అయ్యో, అది నిన్నగాక మొన్న వచ్చిందండీ!"

"సైరన్ పని పట్టి పూట తిరక్కుండా ఒకటిన్నర రోజులు మింగింది. సాయంత్రం నేను ఆ పిల్ల ముందు నిలబడి బహుమతులివ్వాలి. ఆ ప్రశ్న గుర్తు చూస్తూ ఇవ్వలేను. పట్టుకెళ్లు."

కొత్త చిప్పుకు పిన్నులు లేవు, థర్మోకోల్‌లో దిగదు. బోలెడంత జిగురు పూసి ప్రశ్న గుర్తు మీదే అంటించారు తండ్రీ కూతుళ్లు.

"ఆ చీటీ మార్చు అమ్మలూ, ఇది నెమ్మది కాదు," అన్నాడాయన.

పిల్ల ఆలోచించి, "నెమ్మది" కొట్టేసి "తొందరెక్కువ" అని రాసింది. "ఇప్పుడు వాడుకలో లేదు" అన్నది అలాగే ఉంచి, తండ్రి చెయ్యి పట్టుకుంది.

"వచ్చే ఏడాదికి రోబో చేస్తాను నాన్నా. దానికి కావలసినవన్నీ నువ్వే తేవాలి."

ఆ సాయంత్రం ఫ్యాక్టరీ సైరన్ సాయంత్రమే మోగింది.