ముప్పయ్యో భాగమూ, నెయ్యి డబ్బా

రంజాన్ సీరియళ్ల మధ్య వచ్చే ప్రకటనలను తిట్టేవాళ్లంటే నాకు ఒళ్లు మంట. కైరోలో పంతొమ్మిదేళ్లుగా సీరియళ్లు రాసి, తీసి బతుకుతున్నవాణ్ణి చెబుతున్నాను, వినండి. ప్రకటన అనేది డైరెక్టర్‌కి దేవుడిచ్చిన వరం!

నేను ఈ పనిలోకి వచ్చిన కొత్తలో ఒక్కో భాగానికి నలభై నిమిషాల కథ రాయాల్సి వచ్చేది. ఇప్పుడు ఇరవై చాలు. మిగతాది టీపొడి కంపెనీ, ఫ్లాట్లు అమ్మేవాళ్లు, నెయ్యి కంపెనీ చూసుకుంటారు. పని సగమై, పేరు మాత్రం పూర్తిగా దక్కే ఉద్యోగం ఇంకెక్కడైనా ఉందా?

పోయినేడు నా హీరో పన్నెండో భాగంలో మేడ మీంచి దూకాడు. అతను నేలను తాకేలోపు పదకొండు ప్రకటనలు వచ్చాయి. ఆ సందులో ఎదురింటి ఉమ్ వగ్ది గిన్నెలు తోముకుని, ఫోన్లో కూతురి సంబంధం కూడా ఖాయం చేసేసింది. మర్నాడు మెట్ల దగ్గర నన్ను ఆపి, "ఉస్తాద్, మీవాణ్ణి ఇంకాస్త ఎత్తు నుంచి దూకించాల్సింది. ఖతాయెఫ్ మిఠాయిలు కూడా వేయించేసుకునేదాన్ని" అంది. ఇంతకు మించిన ప్రజాసేవ ఏముంటుంది?

అయినా ఈ ఏడు నా బుద్ధి గడ్డి తింది. ముప్పయ్యో భాగంలో నాలుగు నిమిషాల సీను ఒకటి రాసుకున్నాను. ఏళ్ల తరబడి మాటల్లేని తమ్ముడు గుమ్మంలో నిలబడితే, అక్క ఏమీ అనకుండా రొట్టె విరిచి అతని చేతిలో పెడుతుంది. నా ఏడేళ్లప్పుడు మా వంటింట్లో మా అమ్మ చేసిన పనే అది. ఇన్నేళ్లలో ఏ సీరియల్లోనూ దానికి చోటు దొరకలేదు. ఈసారి అమ్మ చూడాలనే తీశాను. మధ్యలో ప్రకటన వద్దని నిర్మాత బహ్గత్ గారిని బతిమాలి ఒప్పించాను కూడా.

రోజుకో భాగం కదా, రంజాన్ నెలకు ముప్పై రోజులూ ఉంటాయని ధీమా!

ఇరవై తొమ్మిదో సాయంత్రమే నెలవంక కనిపించింది. తెల్లారితే పండగ. ఛానెల్‌వాళ్లు ఆఖరి రెండు భాగాలనూ కలిపి ఒక్క పూటలో వేసేశారు. ప్రకటనల మీద చెయ్యి వెయ్యలేరు కనుక కథను కోశారు. నా నాలుగు నిమిషాల్లో పదిహేను సెకన్లు మిగిలాయి.

ప్రకటనలు మొదలవగానే అమ్మ, పండగకి చేస్తున్న కహ్క్ బిస్కెట్లు మాడిపోతాయేమోనని వంటింట్లోకి వెళ్లింది. తిరిగొచ్చేసరికి ఆ పదిహేను సెకన్లూ వచ్చి వెళ్లిపోయి, మళ్లీ ప్రకటనలు నడుస్తున్నాయి. తెర మీద ఒక ముసలామె కొడుక్కి నెయ్యి రాసిన రొట్టె తినిపిస్తోంది. అమ్మ ట్రే పట్టుకుని అలాగే నిలబడి చూసింది. కళ్లు తుడుచుకుంది.

"ఇన్నాళ్లకి ఒక్కటి మనసు పెట్టి తీశావురా. అచ్చం మన వంటిల్లులాగే ఉంది" అంది.

నా కళ్ల ముందు నెయ్యి డబ్బా గిర్రున తిరుగుతోంది. మా అమ్మ నా పనిని మెచ్చుకోవడం ఇదే మొదటిసారి.

"అవునమ్మా, నేనే తీశాను" అన్నాను.

ఇప్పటికైనా ఒప్పుకుంటారా, ప్రకటనలు వరమని? ఒప్పుకోకపోయినా పర్వాలేదు. ఈ పేపరు మాత్రం మా అమ్మ కంట పడనీయకండి.