డోలీలో అంతర్భాగం

1946 మాఘమాసంలో మా తాలూకా హైస్కూలు మహేంద్రగిరి శిఖరాన్ని జయించిన సంగతి మీకు తెలిసిందే. తెలియకపోతే తప్పు మీది. దివాణం వారి బ్యాండుమేళం మూడు రోజులు మోగింది.

జైత్రయాత్రకు ముందు హెడ్మాస్టరు భీమశంకరరావు పంతులుగారు నోటీసు అంటించారు: "శిఖరముపై ప్రథమముగా పాదము మోపిన విద్యార్థికి స్కూలు ఫైనలు వరకు ఫీజు మాఫీ." దాన్ని నమ్మిన వెర్రివాడు ఊరు మొత్తానికి ఒక్కడే. ఫోర్తుఫారం సోములు, పదహారేళ్ళవాడు. తల్లి అసిరమ్మ గోనె మిల్లులో నార దులుపుతుంది.

"ఒరే, ముందు నీ కాలే పడాల. నేకపోతే సోమారం నుంచి నువ్వూ మిల్లుకే. నీ ఫీజు నాను కట్టలేను" అందామె.

సోములు నెలరోజులపాటు కట్టెల మోపుతో ఊరి పక్క కొండ ఎక్కి దిగాడు. పోటీదారు బంగారురాజు, దివాణం వారి మేనల్లుడు, ఆయనా కఠోర సాధనే చేశాడు: డోలీలో ఒరిగిపోకుండా కూర్చోవడం. ఆయనకు ఫీజు మాఫీ ఎందుకని అడక్కండి. స్కూలే వాళ్ళది.

పర్వతారోహకులు పన్నెండుమంది బయలుదేరారు. కొండ మొదట్లోనే తొమ్మండుగురు ఉప్మాకు కాపలా అవసరమని తేల్చి ఆగిపోయారు. హెడ్మాస్టరుగారు ఒక డోలీలో, బంగారురాజు మరో డోలీలో వీరోచితంగా ఆరోహించసాగారు. సోములు మాత్రం నడక అనే మోటు పద్ధతి పట్టాడు.

సగం కొండలో బంగారురాజు డోలీకి ముందు కొస మోసేవాడు జ్వరంతో కూలబడ్డాడు. పంతులుగారు సోములు భుజం వైపు చూశారు. "పట్టరా. పట్టకపోతే టీసీ ఇచ్చి పంపేస్తాను" అన్నారు. వెనక కొస మోస్తున్నది సోములు మేనమామ నూకయ్య.

పోటీదారుణ్ణి తన భుజం మీద మోస్తూ పోటీలో పాల్గొన్న ఘనత లోకంలో మా సోములుకే దక్కింది. వాడికి లోపల ఒకటే సంబరం. ముందు కొస తనది. ముందు కాలూ తనదే.

అలాగే పడింది కూడా. కుడికాలు.

"మేస్టారూ, నా కాలే ముందు పడ్డాది!"

"నాను ఎనకనుంచి సూసినాను బాబూ. మా అల్లుడి కాలే" అన్నాడు నూకయ్య.

పంతులుగారు డోలీ దిగకుండానే ఉపన్యసించారు. "గుర్రం కాలు ముందు పడిందని కోట గుర్రం గెలిచినట్టా, నాయనలారా?" వెంటనే ఆయనా, బంగారురాజూ కమిటీగా ఏర్పడి ఏకగ్రీవంగా తీర్మానించారు: "డోలీ మోయుచున్నంతసేపు మోయువాడు డోలీలో అంతర్భాగమే గాని విద్యార్థి కాడు."

సోములు కాసేపు తన కాళ్ళకేసి చూసుకున్నాడు. తర్వాత భుజం మీది కర్ర కిందికి దించాడు.

"అలగే మేస్టారూ. నాను డోలీనైతే, డోలీ దిగిపోతన్నాది. తవరు కొండెక్కినోరు కదా, దిగడం ఏటి కష్టం?"

నూకయ్య కూడా కర్ర వదిలాడు. రెండో డోలీవాళ్ళూ వదిలారు. నలుగురూ దిగిపోయారు.

విజేతలు ఒకటిన్నర రోజు కూర్చునే జారుకుంటూ కిందికి చేరారు. పంతులుగారి పంచె కొండకే అంకితమైంది. ఊరు దండలు వేసింది, మేళం పెట్టింది. ఫీజు మాఫీ బంగారురాజుకు దక్కింది. సోములును స్కూలు నుంచి తీసేశారు. కారణం రికార్డులో ఉంది: "డోలీలోని అంతర్భాగమును అపహరించినందుకు." అంటే తనను తాను ఎత్తుకుపోయాడన్నమాట. సోమవారం కూత వేసేసరికి వాడు మిల్లు గేటు దగ్గర ఉన్నాడు.

మరుసటి ఏడు రెండో జైత్రయాత్ర ప్రకటించారు. మందస దాకా తిరిగినా ఒక్క భుజం దొరకలేదు. నూకయ్య గుమ్మం దగ్గరికి మనిషిని పంపితే, "డోలీనే పిలండి, అదే నడిసొస్తాది" అన్నాడట. కమిటీ మళ్ళీ కూర్చుంది. నిరుటికంటే కొండ ఎత్తు పెరిగిందనీ, ఇక అది మానవమాత్రులకు సాధ్యం కాదనీ తీర్మానించింది.

ఆ తీర్మానం చదివినప్పుడు హాలు చప్పట్లతో దద్దరిల్లింది. కొట్టినవాళ్ళలో మీరూ ఉన్నారు. కొట్టగలరు మరి. మీ బరువు ఇంకెవడో మోస్తున్నాడు గనక మీ చేతులు రెండూ ఖాళీయే.