రికార్డు ప్రకారం టీచర్

ఉద్యోగం అడగ్గానే రావడమంత దురదృష్టం మరొకటి లేదు. నమ్మరా? అయితే మా వదిన సంగతి వినండి.

లెక్కల టీచర్ పోస్టుకు పరీక్ష రాసి, వదిన మెరిట్‌లో అందరికంటే ముందు నిలిచింది. వెనకున్న వాళ్లంతా వెంటనే చేరిపోయి, పాపం, పిల్లల గోలలో నలిగిపోయారు. వదిన ఫైలు మాత్రం ఆఫీసు బీరువాలో హాయిగా పడుకుంది. తాళంచెవి ఉన్న గుమాస్తా సెలవు మీద వెళ్లాడు. ఆయన తిరిగొచ్చేసరికి సంతకం పెట్టాల్సిన ఆఫీసరు బదిలీ అయ్యారు. ఎవరూ కాదనలేదు, ఎవరూ అవుననలేదు. అదీ మర్యాదంటే!

వదిన కోర్టుకెక్కింది. 'ఈమె అర్జీని పరిశీలించండి' అని కోర్టు ఆదేశించింది. ఆఫీసువాళ్లు ఎంత విధేయులనుకున్నారు! తిప్పి తిప్పి పరిశీలించారు. పరిశీలించి, మళ్లీ బీరువాలో పెట్టారు. పరిశీలించమన్నారు గానీ ఉద్యోగం ఇవ్వమని ఎవరన్నారు?

కోర్టు ధిక్కారం కేసు వేస్తే ప్రభుత్వ లాయరు గడువడిగాడు. ఇచ్చారు. మళ్లీ అడిగాడు. మళ్లీ ఇచ్చారు. దీనివల్ల వదినకెంత లాభమో చూడండి. నల్లకోటు వేసుకోకుండానే సగం లాయరైపోయింది. అన్నయ్య పాపం "కాస్త టీ పెడతావా?" అంటే, "మీ అర్జీ పరిశీలనలో ఉందండీ" అనేది.

ఇంట్లో ఎవరూ లేనప్పుడు మాత్రం వంటింటి గోడమీద సుద్దముక్కతో లెక్కలు వేసి, ఎదురుగా పిల్లలున్నట్టే పాఠం చెప్పుకునేది. ఒక్కరోజైనా క్లాసులో నిలబడాలని ఆమె ప్రాణం కొట్టుకుపోయేది. ఇది రాస్తే నా వాదన బలహీనపడుతుంది కాబట్టి వదిలేస్తున్నాను.

చివరికి తీర్పొచ్చింది. మిగతావాళ్లు చేరిన రోజే వదినా ఉద్యోగంలో చేరినట్టు భావించి, సర్వీసంతా లెక్కకట్టమన్నారు. ఒక్క సుద్దముక్క అరక్కుండా అంత సీనియారిటీ! వెంటనే ఉద్యోగమొచ్చిన వాళ్లకు దక్కిందా ఈ భాగ్యం?

జుట్టు నెరిశాక వదిన బడిలో అడుగుపెట్టింది. అన్నేళ్లూ ఆ పోస్టును ఆమెకోసమే ఖాళీగా ఉంచారు. హెడ్మాస్టరు ఆర్డరు పైకి చదువుతుంటే, కుర్చీ తుడుస్తున్న అటెండరు చెవొగ్గి విన్నాడు. నలభైకి దగ్గరపడ్డ మనిషి. ఆ బడిలోనే చదివి, పదో తరగతి లెక్కల్లో తప్పి, అక్కడే అటెండరుగా కుదురుకున్నాడు.

"అంటే మేడమ్, మీరు అప్పట్నుంచీ ఇక్కడే పనిచేసినట్టా?" అని అడిగాడు.

"రికార్డు ప్రకారం అంతేనయ్యా."

"అయితే నాకు పదో తరగతిలో లెక్కలు చెప్పింది మీరేనన్నమాట. మాకసలు లెక్కల టీచరే లేరనుకున్నాం."

అతని గొంతులో వెక్కిరింపు లేదు.

"మరి నేనూ కోర్టుకెళ్తే, పాసైనట్టు భావించమని తీర్పిస్తారా మేడమ్?"

అతను తుడిచిపెట్టిన కుర్చీలో కూర్చోలేక, వదిన నిలబడే హాజరుపట్టీలో సంతకం పెట్టింది.