మామగారి జేబులో ఫ్యూజు

పదింటికి ఆన్‌లైన్ ఇంటర్వ్యూ. అది గట్టెక్కితే ఊళ్లు తిరిగే పీడ వదిలి, ప్రధాన కార్యాలయంలో ఓ కుర్చీ దొరుకుతుంది. బీమా కంపెనీ ఇన్‌స్పెక్టరుకు అంతకు మించి కోరికల్లేవు. బస్సు ప్రయాణాలకు అతని నడుము ఎప్పుడో రాజీనామా ఇచ్చేసింది.

చిక్కల్లా ఆఫీసు వారి లాప్‌టాప్‌తోనే. బ్యాటరీ పోయి ఏడాదైంది. వైరు పీకితే చాలు, గుడ్లు తేలేస్తుంది. ఇంటర్వ్యూ మరి దేంట్లోనూ తెరుచుకోదు.

అందుకని ఇన్‌స్పెక్టరు జాగ్రత్తపడ్డాడు. "ఈ స్విచ్చు ముట్టుకోవద్దు" అని రాసి బోర్డు మీద అంటించి, స్నానానికి వెళ్లాడు. తల తుడుచుకుంటూ వచ్చేసరికి లాప్‌టాప్ నల్లగా ఉంది. ఫ్యాను ఆగిపోయింది.

"కరెంటు పోయిందా?"

"పోలేదు. నాన్న తీసేశారు" అంది భార్య.

మామగారు రిటైరైన లైన్‌మన్.

"ఎందుకట?"

"మీరు కాగితం అంటించారుగా. ముట్టుకోవద్దని రాశారంటే షాకు కొడుతోందన్నమాటేనట. అల్లుడు మొహమాటపడి నోరు విప్పలేదు పాపం, అన్నారు. కొత్త స్విచ్చు కొనడానికి వెళ్లారు."

"ఇన్వర్టరైనా ఉందిగా?"

"అదీ ఆపేశారు. వెనక నుంచి కరెంటొచ్చి మనుషుల్ని కొడుతుందట."

"సరే, మెయిన్ నేనే వేస్తా."

"ఫ్యూజు జేబులో వేసుకెళ్లారు. సర్వీసంతా అంతేగా. పని సగంలో ఉండగా ఎవడో ఒక తెలివైనవాడు వచ్చి మెయిన్ వేసేస్తాడట."

మామగారికి ఫోన్ చేస్తే, అది పక్కగదిలో మోగింది.

ఇన్‌స్పెక్టరు ఇస్త్రీ చొక్కా తొడుక్కుని, నిక్కరు మార్చుకునే తీరిక లేక, లాప్‌టాప్‌తో వీధి మలుపులోని టైలరు కొట్లోకి పరిగెత్తాడు.

"ఒక్క ప్లగ్గు ఇవ్వవయ్యా."

టైలరు అతన్ని కిందికీ పైకీ చూశాడు. "ఇస్త్రీపెట్టెది పీకి ఇస్తా. మెషీను మాత్రం ఆపమనకండి సార్. పెళ్లివారి బట్టలు."

ఇంటర్వ్యూ మొదలైంది. మెషీను మోత వినిపించి, కమిటీ అధ్యక్షురాలు ఎక్కడున్నారని అడిగింది. అబద్ధమాడే ఓపిక కూడా లేక ఇన్‌స్పెక్టరు ఉన్నదున్నట్టు చెప్పాడు. అంతలో కొత్త స్విచ్చు కొనుక్కుని ఆ దారినే వస్తున్న మామగారు అల్లుణ్ణి చూసి లోపలికొచ్చారు.

"బాబూ, ఈ ప్లగ్గు లూజుగా ఉంది. ఇలా ఉంచకూడదు" అంటూ చెయ్యి చాచారు.

ఇన్‌స్పెక్టరు ఆ చెయ్యి గట్టిగా పట్టుకున్నాడు. మిగతా ప్రశ్నలన్నిటికీ ఆ చెయ్యి వదలకుండానే జవాబులు చెప్పాడు.

"వారెవరు?" అంది అధ్యక్షురాలు.

"మా మామగారండి."

"పెద్దాయన్ని బాగా చూసుకుంటున్నారు."

సాయంత్రం ఆవిడే ఫోన్ చేసింది. "కరెంటు లేకపోయినా, టైలరు కొట్లోంచైనా పనిచేసే మనిషి మీరు. మిమ్మల్ని తీసుకొచ్చి కుర్చీకి కట్టేస్తే కంపెనీకే నష్టం. అందుకే ఇంకో మూడు జిల్లాలు కూడా మీకే అప్పగిస్తున్నాం."

ఇన్‌స్పెక్టరు ఫోను పెట్టేసి, బస్సుల వేళలు చూడడం మొదలుపెట్టాడు.

మామగారు బిగించిన స్విచ్చు భేషుగ్గా పనిచేస్తోంది. వేసేవాడే ఇంట్లో ఉండడు.