స్పిన్ బౌలర్‌కి స్పిన్ దేనికి?

స్పిన్ బౌలర్లు బంతిని తిప్పడం మానేస్తే తప్ప క్రికెట్ బాగుపడదు!

ఉలిక్కిపడ్డారా? పడండి. మూంటా ఊరి క్రికెట్ క్లబ్బుకి ఏళ్ల తరబడి వికెట్ల వెనక గ్లవ్స్ తొడుక్కుని నిలబడ్డవాణ్ని నేను. తిరిగే బంతి వల్ల మనిషి ఎన్ని అవమానాలు పడాలో నాకు తెలిసినంతగా ఈ రాగి గనుల ఊళ్లో మరొకరికి తెలియదు. ఇప్పుడు టాబ్లెట్ ఒకటి వచ్చింది. ఏ బంతి ఎవరికి వెయ్యాలో అదే చెబుతుంది, ఏది వెయ్యకూడదో కూడా అదే చెబుతుంది. దాని దయవల్ల స్పిన్ రోగం తగ్గుముఖం పట్టింది. అందుకు కృతజ్ఞతగా మా మెథడిస్టు చర్చిలో ఒక ఆదివారం ప్రత్యేక ప్రార్థన చేయించాలని నా అభిప్రాయం.

నమ్మకం కుదరడం లేదా? అయితే టామ్సిన్ ట్రెజైజ్ సంగతి వినండి.

టామ్సిన్ మా ఊరి పిల్లే. తండ్రి క్లెమ్ గిడ్డంగి దగ్గర బార్లీ లారీలు తూస్తాడు. సెలవు దొరికితే జెట్టీ మీద కూర్చుని పీతలు పడతాడు. ఒక శనివారం మా బి టీమ్‌కి మనిషి తక్కువయ్యాడు. ఆ ప్రబుద్ధుడు పెళ్లికి వెళ్లాడు. అదీ తన పెళ్లికే. ఆట చూడ్డానికి వచ్చిన టామ్సిన్‌ని లాక్కొచ్చి ఫీల్డింగ్‌లో నిలబెట్టాం. అప్పటికింకా హైస్కూలు పిల్ల. ఎడారి వైపు నుంచి వీచే ఉత్తరపు వడగాలికి మా బౌలర్లు నాలుకలు బయటపెట్టాక, "నేను వెయ్యనా?" అంది.

వేసింది. బంతి గాల్లోకి లేచి, అక్కడేదో పనున్నట్టు కాసేపు ఆగి, అప్పుడు కిందికి దిగింది. ఎదురుగా ఉన్నవాడు పక్క ఊరు కడీనా నుంచి వచ్చిన గోధుమ రైతు. మొహం చాటంత చేసుకుని ముందుకు ఉరికాడు. బంతి అతని బ్యాట్‌ని పలకరించకుండా పక్కకి తిరిగిపోయింది. నా గ్లవ్స్‌నీ పలకరించలేదు. సరాసరి బౌండరీకి!

నేను నడుం మీద చెయ్యి పెట్టుకుని నిలబడిపోయాను. "ఏరా, టీపాట్‌లా ఆ నిలబడ్డం ఏంట్రా? వెళ్లి బంతి పట్రా!" అని స్లిప్‌లోంచి ఎవడో అరిచాడు. ఆనాటి నుంచి ఊరందరికీ నేను టీపాట్‌నే. చూశారా, స్పిన్ వల్ల మనిషికి ఉన్న పేరు కూడా పోతుంది!

ఆ పిల్ల అక్కడితో ఆగిందా? రాష్ట్ర జట్టుకి వెళ్లింది. అక్కణ్నుంచి ఇరవై ఓవర్ల అమ్మాయిల లీగ్‌లో పెలికన్స్ జట్టు కాంట్రాక్ట్ ఇచ్చి తీసుకుంది. మొదటి సీజన్ అంతా అదే ఆగడం. సిక్సర్ కొట్టించుకోవడం, మరుసటి బంతిని ఇంకాస్త పైకి వెయ్యడం, ఆ కొట్టినావిడే క్రీజు దాటి వచ్చి దిక్కులు చూస్తుంటే వెనక స్టంపులు ఎగిరిపోవడం!

"నీకు భయం వెయ్యదా?" అని ఒకసారి అడిగాను.

"ఎందుకు వెయ్యదు టీపాట్? నాకూ వేస్తుంది, బ్యాటింగ్ చేసేవాళ్లకీ వేస్తుంది. ముందు ఎవరికి వేస్తుందా అని చూస్తుంటాను. అదే మజా" అంది.

జీతం తీసుకునే మనిషి మాట్లాడే మాటలేనా ఇవి?

అదృష్టవశాత్తూ రెండో సీజన్‌కి పెలికన్స్‌లో ఎలియట్ నోస్కీ గారు అడుగుపెట్టారు. ఆయన అనలిస్టు. అంతకుముందు అడిలైడ్‌లో ట్రాఫిక్ లైట్లు ఎప్పుడు ఎర్రబడాలో లెక్కలు కట్టేవారట. సాఫీగా పోయేవాళ్లని ఆపడంలో అనుభవమున్న మనిషి! జన్మలో బ్యాట్ పట్టిన పాపాన పోలేదు కాబట్టి ఆయనకు ఆట మీద ఏ పక్షపాతమూ లేదు.

ఆయన టామ్సిన్‌ని కూర్చోబెట్టి టాబ్లెట్ తెరిచారు.

"మీ బంతి గాల్లో మరీ ఎక్కువసేపు ఉంటోందండీ."

"దాని పనంతా అక్కడే కదా!"

"నెమ్మదిగా వేసిన వాటికే సిక్సర్లు పడుతున్నాయి. చూడండి, ఈ ఎర్ర చుక్కలన్నీ మీవే."

"వికెట్లు కూడా వాటికే పడుతున్నాయి కదండీ?"

"వికెట్ అరుదుగా పడుతుంది. అరుదుగా జరిగేవాటి మీద ప్లాన్ వెయ్యలేం."

ఆహా, ఎంత విలువైన మాట! మా వైపు వాన కూడా అరుదే. అయినా రైతులు బుద్ధి లేక ఏటా బార్లీ చల్లుతూనే ఉన్నారు. నోస్కీ గారు కాస్త ముందు పుట్టి ఉంటే మా ఊరున్న ఈ ద్వీపకల్పంలో ఒక్క గింజా మొలిచేది కాదు, ఒక్క రైతుకీ నష్టం వచ్చేది కాదు!

ఆయన రెండు ఆజ్ఞలు జారీ చేశారు. ఒకటి, బంతి వేగంగా, చదునుగా, గీత గీసినట్టు వెళ్లాలి. రెండు, ఎడంచేతి బ్యాటర్లకి టామ్సిన్ బంతి వెయ్యకూడదు. ఆమె బంతి వాళ్లకి లోపలికి తిరుగుతుంది, కొట్టడం తేలికట. ఎడంచేతి మనిషి క్రీజులోకి రాగానే ఆమె చేతిలోంచి బంతి లాక్కుని బౌండరీ దగ్గరికి పంపేసేవారు. ఒక మ్యాచ్‌లో ఎదుటి జట్టు ఓపెనర్లిద్దరూ ఎడంచేతివాళ్లే, ఇద్దరూ ఔట్ కాలేదు. ఆవేళ టామ్సిన్ ఆట మొత్తం బౌండరీ తాడు పక్కన నిలబడి సీగల్ పక్షుల్ని తోలింది. జీతానికి జీతం, గాలికి గాలి! ఇంతకన్నా మంచి ఉద్యోగం ఏ గవర్నమెంటు ఇస్తుంది?

కెప్టెన్ బ్రీ కల్లినన్‌కి కలిగిన సుఖం చెప్పక్కర్లేదు. ఏ ఓవర్ ఎవరు వెయ్యాలో డగౌట్ లోంచి నంబర్ల అట్టలు చూపిస్తారు. ఆవిడ ఆలోచించనక్కర్లేదు, తల తిప్పి చూస్తే చాలు. ఒకసారి డగౌట్‌లో ఎవరో కాఫీలు కావాలని మూడు వేళ్లు చూపిస్తే, బ్రీ పాపం బౌలర్‌ని మార్చేసింది. ఆ ఓవర్ కూడా బాగానే పడింది లెండి.

టామ్సిన్ మొదట్లో మొండికేసింది. తరవాత దారికొచ్చింది. కాంట్రాక్ట్ కాగితం వాళ్ల చేతిలో ఉంది మరి. గీత గీసినట్టు వేసింది. సిక్సర్లు పోయాయి. వికెట్లూ పోయాయి, అయితేనేం? పొదుపైన బౌలర్ అని టీవీవాళ్లు మెచ్చుకున్నారు. బంతిని గట్టిగా తిప్పడం వల్ల ఉంగరపు వేలి మీద ఎప్పుడూ పచ్చిగా ఉండే పుండు మానిపోయింది. కొత్త చర్మం వచ్చింది. ఏ డాక్టరూ చెయ్యలేని వైద్యం టాబ్లెట్ చేసిందా, లేదా?

సీజన్ మధ్యలో ఒక వారం సెలవు దొరికితే ఇంటికి వచ్చింది. "రా టీపాట్, కాసేపు నెట్స్‌కి పోదాం" అని నన్ను పిలిచింది. వికెట్ల వెనక కూర్చున్నాను. ఒకటి వేసింది, పట్టాను. ఇంకొకటి వేసింది, పట్టాను. పొద్దు వాలేదాకా వేసింది. నా జీవితంలో అంత శుభ్రంగా ఎప్పుడూ పట్టలేదు! నడుం మీద చెయ్యి పెట్టాల్సిన అవసరమే రాలేదు. గాల్లో తేలిపోతున్నాను.

ఆమె వచ్చి పిచ్ మీదే చతికిలబడింది.

"ఒక్కటైనా వదిలేశావా?"

"ఒక్కటి కూడా లేదు టామ్! కళ్లు మూసుకుని పట్టెయ్యొచ్చు!"

"అవును. నువ్వు కూడా పట్టేస్తున్నావ్..." అంది. కాసేపు బంతిని చేతిలో అటూ ఇటూ దొర్లించింది. "టీపాట్, ఇది నా బౌలింగ్ కాదు. ఇది ఎవరిదో తెలీదు. ఎవరిదైనా కావచ్చు. అదే నాకు భయమేస్తోంది."

నా ఘనకార్యాన్ని మెచ్చుకోకుండా ఏడుపు మొహం పెట్టడం నాకేం నచ్చలేదు. ఆ మాటే అన్నాను. నవ్వింది గానీ, లేవడానికి చెయ్యి అందిస్తే నా చేతిని వెంటనే వదలలేదు.

ఇక సెమీఫైనల్. నేనూ క్లెమ్ కారేసుకుని అడిలైడ్ వెళ్లాం. చివరి ఓవర్. ఎదుటి జట్టు గెలవాలంటే పద్దెనిమిది పరుగులు కావాలి. క్రీజులో ఎడంచేతి భీముడి చెల్లెలు. వెయ్యాల్సిన ఫాస్ట్ బౌలర్ తొడ పట్టేసి బయటికి వెళ్లిపోయింది. డగౌట్‌లో అట్ట లేచింది. దాని మీద ఉన్నది టామ్సిన్ నంబర్ కాదు.

బ్రీ డగౌట్‌కి వీపు పెట్టి నిలబడింది. బంతి తెచ్చి టామ్సిన్ చేతిలో పెట్టింది. వాళ్లేం మాట్లాడుకున్నారో తరవాత టామ్సినే చెప్పింది.

"బ్రీ, ఆవిడది ఎడంచెయ్యి."

"నాకు కళ్లున్నాయి."

"అట్ట..."

"అటు చూడకు. నువ్వు ఇదివరకు వేసేదానివే, ఆ బంతి ఇంకా వస్తుందా నీకు?"

"తెలీదు. చాన్నాళ్లయింది."

"సరే. చూద్దాం పద."

మొదటి బంతి పైకి లేచింది. సిక్సర్! రెండోది ఇంకా పైకి. అదీ సిక్సర్! నోస్కీ గారు టాబ్లెట్‌ని గుండెకి హత్తుకున్నారు. క్లెమ్ మొహం కప్పుకుని, "అయిపోయిందా? చెప్పు, అయిపోయిందా?" అంటున్నాడు. మూడోది ఇంకా పైకి, ఇంకా నెమ్మదిగా. ఆ చెల్లెలు మూడో సిక్సర్‌కి ముందుకు దూకింది. లోపలికి వస్తుందని స్టేడియం మొత్తం అనుకున్న బంతి బయటికి పోయింది. కీపర్ స్టంపులు లేపేసింది!

క్లెమ్ లేచి పక్కసీటులోని ముక్కూమొహం తెలియని ఆవిణ్ని కావలించుకున్నాడు. ఆవిడ ఎదుటి జట్టు అభిమాని. అయినా ఆవిడా కావలించుకుంది! కొత్తగా వచ్చిన బ్యాటర్ మిగతా బంతులకు గాలిని నరికింది. పెలికన్స్ గెలిచారు.

ఇంత క్రమశిక్షణారాహిత్యాన్ని ఎవరు సహిస్తారు? మర్నాడు మీటింగ్ పెట్టారు.

"మూడు బంతుల్లో పన్నెండు పరుగులు. ఆ లెక్కన ఓవర్‌కి ఇరవై నాలుగు" అన్నారు నోస్కీ గారు.

"కానీ గెలిచాం కదండీ?" అంది టామ్సిన్.

"ఫలితం మంచిదే. పద్ధతే తప్పు."

ఫైనల్లో టామ్సిన్‌కి విశ్రాంతి ఇచ్చారు. పెలికన్స్ సరైన పద్ధతిలో ఓడిపోయారు. సీజన్ అయ్యాక కాంట్రాక్ట్ పొడిగించలేదు. కారణం కూడా మర్యాదగా చెప్పారు. ఆమె వికెట్లు తియ్యడం లేదట!

టామ్సిన్ ఊరికి వచ్చి బేకరీలో చేరింది. పొద్దున్నే మాంసం కూరిన పాస్టీలు అమ్మేది. శనివారాలు క్లబ్బు వైపు వచ్చేది కాదు. కొనడానికి వచ్చిన ప్రతివాడూ "ఎప్పుడు మళ్లీ ఆడతావ్?" అని అడిగితే, "సాస్ కావాలా?" అని అడిగేది. క్లెమ్ నోరు తెరిచి ఏమీ అడగలేదు. పీతలకి వెళ్తూ ఆమెని కూడా లేపి తీసుకెళ్లేవాడు. ఇద్దరూ జెట్టీ మీద వలలు దింపి మాటామంతీ లేకుండా కూర్చునేవారు.

వేసవి మళ్లీ వచ్చింది. విదేశం నుంచి వేరే జట్టుకి ఒక పిల్ల వచ్చింది. బంతిని పిచ్చుకలా గాల్లోకి వదిలే పిల్ల. పెలికన్స్ బ్యాటర్లు ఆమెకి వరసగా దాసోహమన్నారు. అలాంటి బంతిని వాళ్లు చూసి చాలాకాలమైంది, పాపం. టాబ్లెట్ పరిశోధించి ఒక రహస్యం కనిపెట్టింది. నెమ్మదిగా తిరిగే బంతి ప్రమాదకరం!

జెట్టీ మీద ఉండగా టామ్సిన్‌కి ఫోన్ వచ్చింది. నేనూ అక్కడే ఉన్నాను.

"నోస్కీని అండీ. మా బ్యాటర్లకి నెట్స్‌లో ప్రాక్టీస్ కావాలి. మీరు వచ్చి బౌలింగ్ చెయ్యగలరా?"

"ఎలా వెయ్యాలి?"

"నెమ్మదిగా. పైకి. మీరు ఇదివరకు వేసేవారే, అలా."

"అంటే మీరు వద్దన్నట్టు."

"అవును, అలాగే" అన్నారాయన.

"చెంప పగలగొట్టినట్టు రానని చెప్పు!" అని నేను సైగలు చేశాను. క్లెమ్ వల లాగుతూ, "నీకు వెయ్యాలనుందా టామ్?" అని మాత్రం అడిగాడు. ఆమె చాలాసేపు నీళ్లకేసి చూసింది. "ఉంది నాన్నా" అంది. అని ఏడ్చేసింది.

ఇప్పుడు ప్రతి బుధవారం వెళ్తోంది. మొన్న మేమూ వెంట వెళ్లాం. ఎడంచేతివాళ్లూ కుడిచేతివాళ్లూ వరసకట్టి వచ్చి ఆమె బంతులకి బోల్తా పడుతున్నారు. గడ్డి కోసేవాడు మిషన్ ఆపేసి చూస్తున్నాడు. ఆ వారమే శుక్రవారం జరిగిన మ్యాచ్‌లో మాత్రం పక్కసీటు పెద్దమనిషిని "ఇప్పుడేమైంది?" అని అడిగాను. "ఏమో, నేను ఫోన్ చూస్తున్నా" అన్నాడు. అందుకే నా వినయపూర్వకమైన సలహా ఏమిటంటే, మైదానానికి టికెట్లు తీసేసి నెట్స్ చుట్టూ కుర్చీలు వేయించండి. ఆట అక్కడ జరుగుతోంది!

ఆ బుధవారం చివర్లో బ్రీ బ్యాట్ పట్టుకుని వచ్చింది. టామ్సిన్ ఒక బంతి వేసింది. బ్రీ ముందుకు వచ్చి, తప్పి, వెనక వలలో పడి ఊగుతున్న బంతిని చూసి పగలబడి నవ్వింది. టాబ్లెట్‌ని చంకలో పెట్టుకుని నోరు తెరుచుకు చూస్తున్న నోస్కీ గారు గబగబా ముందుకొచ్చారు.

"టామ్సిన్, అది రికార్డు చెయ్యడం మరిచిపోయానండీ. అదే బంతి మళ్లీ వేస్తారా?"

"వేస్తాను. కానీ అదే రాదు" అంది.

చెప్పండి, ఇంత నమ్మదగని మనిషికి ఉద్యోగం ఎవరిస్తారు?