పదకొండు సూత్రాలు, ఒక ఏనుగు

ఆ సోమవారం ఉదయం వెంకటకృష్ణ వేసుకున్న పథకం చాలా మామూలుది. తొమ్మిదింటికి తార్నాకలోని ఇంటి నుంచి క్యాబులో బయలుదేరాలి. తొమ్మిదిన్నరకు యూనివర్సిటీ క్యాంపస్‌లోని సెమినార్ హాలు చేరాలి. పదింటికి ‘క్యాబుల్లో పసిపిల్లలతో సురక్షిత ప్రయాణం’ అన్న విషయం మీద ప్రసంగించాలి. ఒంటిగంటకు ఇంటికొచ్చి పప్పుచారుతో భోంచేయాలి. ఆయన సివిల్ ఇంజనీరింగులో అసిస్టెంట్ ప్రొఫెసరు. రోడ్డు భద్రత ఆయన సబ్జెక్టు, భయం ఆయన స్వభావం. రెండూ ఒకే మనిషిలో కలవడం వల్ల ఆ ఇంట్లో కూరగాయల కత్తికి కూడా తొడుగు ఉంటుంది.

ప్రసంగంలో ప్రత్యక్ష ప్రదర్శన కూడా పెట్టుకున్నాడు. రెండున్నరేళ్ల కూతురు మనీషాను పిల్లల కారుసీటులో కూర్చోబెట్టి, బెల్టుతో సహా తీసుకెళ్లి, సభకు చూపించాలి. మనీషా అన్నది పేరుకే, ఇంట్లో అందరికీ ఆ పిల్ల బుజ్జులు. నాంపల్లిలో బ్యాంకు ఉద్యోగం చేసే భార్య సుధామయి ఎనిమిదింటికే బయలుదేరుతూ గుమ్మంలో ఆగింది.

"మొదటిసారి మీ ఒక్కరితో పంపిస్తున్నాను. ప్రసంగం ఎలా ఇచ్చినా నాకు పర్లేదు. పిల్లను మాత్రం ఎలా తీసుకెళ్లారో అలాగే తీసుకురండి."

"పదకొండు సూత్రాలు రాశాను సుధా! లామినేషన్ కూడా చేయించాను."

"అదే నా భయం" అని ఆవిడ మెట్లు దిగింది. ఆ తొందరలో లంచ్ డబ్బా బల్ల మీదే మర్చిపోయింది. వెంకటకృష్ణ తల్లి కామాక్షమ్మ డబ్బాను చూసింది, గేటు దాటుతున్న కోడలిని చూసింది, నోరు మూసుకుని ఊరుకుంది. బయలుదేరిన మనిషిని వెనక నుంచి పిలవకూడదు. తెనాలి వదిలి హైదరాబాదు వచ్చి పాతికేళ్లయినా ఆ విషయంలో ఆవిడ ఒక్క మెట్టు కూడా దిగలేదు. పాపం సుధామయికి ఆ పూట క్యాంటీన్ భోజనమే గతి.

తొమ్మిదికి ఐదు నిమిషాలుండగా క్యాబు వచ్చింది. డ్రైవరు పరుశురాం, లాలాపేట మనిషి. వెంకటకృష్ణ మొదటి సూత్రం ప్రకారం నంబరు ప్లేటును రెండుసార్లు పైకి చదివాడు. రెండో సూత్రం ప్రకారం ఫోన్లోని ఫోటోను, ఎదుట ఉన్న మనిషిని పోల్చి చూసి మొహం చిట్లించాడు.

"ఫోటోలో నీకు జుట్టుంది."

"ఉండె సార్. మొన్ననే గుట్టకు పోయి దేవుని మొక్కుకు గుండు చేయించుకున్న."

"మరి ఇది నువ్వేనని నాకెలా తెలుస్తుంది?"

"నాకు తెల్సు గద సార్!"

లైసెన్సు చూశాక, ఎడమ పక్కకు, కుడి పక్కకు తిరగమని చూశాక వెంకటకృష్ణ శాంతించాడు. తలుపులకు చైల్డ్ లాక్ చూశాడు. కారుసీటును వెనక వైపుకు తిప్పి బిగించాడు.

"గీ కుర్చీ ఉల్టా పెట్టిన్రేంది సార్?"

"అలాగే పెట్టాలి. సడన్ బ్రేకు పడితే మెడకు దెబ్బ తగలదు."

పరుశురాం తన మెడ ఒకసారి తడుముకున్నాడు. ఎర్ర చెవుల గుడ్డ ఏనుగును కౌగిలించుకుని బుజ్జులు సీటెక్కింది. బెల్టులు బిగిశాయి. ఎండ పడకుండా సీటు గూడు దించి, దాని మీద పల్చటి గుడ్డ కప్పి క్లిప్పులు పెట్టాడు. కారు ఇంకా కదలలేదు, సందు మలుపులోంచి మున్సిపాలిటీ చెత్త ఆటో వచ్చి ఎదురుగా నిలబడింది.

కామాక్షమ్మ గబగబా కారు ముందుకు వచ్చి రెండు చేతులూ అడ్డం పెట్టింది. ముందుకొచ్చి ఆపితే వెనక నుంచి పిలిచినట్టు కాదు.

"దిగరా కృష్ణా! శుభమా అని వెళ్తుంటే చెత్తబండి ఎదురొచ్చింది."

"అమ్మా, అది రోజూ వస్తుంది."

"రోజూ నువ్వు ప్రసంగానికి వెళ్తున్నావా? లోపలికెళ్లి కాసేపు కూర్చుని, మంచినీళ్లు తాగిరా. ఈసారి మంచి ఎదురు నేను చూస్తాను."

పదకొండు సూత్రాల మనిషికి పన్నెండో సూత్రం వాళ్లమ్మ. లోపలికెళ్లి కూర్చున్నాడు, నీళ్లు తాగాడు. పరుశురాం కారు దిగి, తన అద్దం విరగకుండా చెత్త ఆటోను సందులోంచి వెనక్కి పంపే పనిలో పడ్డాడు. వెంకటకృష్ణ మళ్లీ గుమ్మం దాటేసరికి గేటు దగ్గర నుంచి బుజ్జులు చేతులు చాపుకుని పకపకా నవ్వుతూ ఎదురొచ్చింది. ఆడపిల్ల, మహాలక్ష్మి, ఇంతకంటే మంచి ఎదురు ఆ వీధిలో మరొకటి దొరకదు. తండ్రి మురిసిపోయి బుగ్గ గిల్లాడు. అంతలో ఫోను మోగింది. సెమినార్ ఏర్పాట్లు చూస్తున్న జూనియర్ రఘువీర్.

"సార్, హెచ్.ఓ.డి. మేడం అప్పుడే వచ్చి ముందు వరుసలో కూర్చున్నారు. ప్రొజెక్టర్ మీ పెన్‌డ్రైవ్ తీసుకుంటుందో లేదో కూడా తెలీదు!"

వెంకటకృష్ణ సందులో ఆ చివరి నుంచి ఈ చివరికి రెండుసార్లు తిరిగి ప్రొజెక్టర్ సంగతి మాట్లాడాడు. మాట ముగిసేసరికి కారు తలుపు వేసి ఉంది, సీటు మీద గుడ్డ దించి ఉంది.

"అమ్మా, బెల్టు పెట్టావా?"

"పెట్టానురా!" అని గేటు లోపలి నుంచి వినపడింది.

కారెక్కి సీటు పక్కన కూర్చున్నాడు. వెనక్కి తిరిగి చూడలేదు. బయలుదేరాక వెనక్కి చూడకూడదని చిన్నప్పుడు నేర్పింది కామాక్షమ్మే.

కారెక్కగానే నిద్రపోవడం బుజ్జులుకు అలవాటు. అందుకని వెంకటకృష్ణ ముప్పై దాటొద్దన్నాడు, హారన్ వద్దన్నాడు, పాటలు వద్దన్నాడు. గుడ్డ మీద నుంచే మెత్తటి పొట్టను తడుతూ జో కొట్టాడు. వెనకున్న వాహనాలన్నీ వాళ్లను తిట్టుకుంటూ దాటిపోయాయి. చివరికి ఒక షేర్ ఆటో కూడా దాటింది.

"ఆటోలు గూడ దాటిపోతున్నయ్ సార్. నా ఇజ్జత్ పోతున్నది" అన్నాడు పరుశురాం.

"పోనీ. ఆ ఆటో వెనక చూడు! ఎవరో పెద్దావిడ, ఒళ్లో పసిపిల్ల. సీటు లేదు, బెల్టు లేదు, ఆ చిన్న కాలు చూడు ఎలా ఊగుతోందో! నా ప్రసంగం వినాల్సింది ఇలాంటివాళ్లే." వెంటనే ఫోనెత్తి ఫోటో తీశాడు. మొహాలు పడలేదు, మామిడిపిందెల అంచు చీర మాత్రం చక్కగా పడింది. దాన్ని అక్కడికక్కడే ప్రసంగం స్లైడ్లలో చేర్చి, కింద ‘బాధ్యత లేని పెద్దలు’ అని పెద్ద అక్షరాలతో రాశాడు.

క్యాంపస్‌లో దిగాక ల్యాప్‌టాప్, చార్టులు ఆయన పట్టుకున్నాడు. సీటును జాగ్రత్తగా పరుశురాం మోశాడు.

"పాప అస్సలు బరువు లేదు సార్. పాలు తాగుతలేదా?"

వెంకటకృష్ణకు చురుక్కుమంది. "ఎదుగుదల పట్టిక ప్రకారం ఎంతుండాలో అంతే ఉంది. మెల్లగా పెట్టు."

హాల్లో అరవై మంది దాకా ఉన్నారు. ముందు వరుసలో హెచ్.ఓ.డి. అరుంధతి. పాప నిద్రపోతోంది గనక చప్పట్లు కొట్టవద్దని మనవి చేసి, వెంకటకృష్ణ గుసగుసగా ఇరవై నిమిషాలు మాట్లాడాడు. ఫోటోతో పోలని డ్రైవరును నమ్మకూడదని, ఆ ఉదయం ఫోటోలో జుట్టు, ఎదుట గుండు కనిపిస్తే తనెలా తనిఖీ చేశాడో చెప్పాడు. షేర్ ఆటో ఫోటో చూపించి, అరుంధతి అయ్యయ్యో అన్నాక, బల్ల మీదున్న సీటు దగ్గరకు వచ్చాడు.

"మాటలెందుకు? ఇదిగో, సురక్షితంగా ప్రయాణించిన పాపను మీరే చూడండి" అని గుడ్డ తీశాడు.

బెల్టులన్నీ పద్ధతిగా బిగించుకుని, సీటులో ఎర్ర చెవుల ఏనుగు కూర్చుని ఉంది.

ప్రదర్శన బొమ్మే కాబోలనుకుని వెనక వరుసలో ఒకాయన చప్పట్లు మొదలుపెట్టి, వెంకటకృష్ణ మొహం చూసి ఆపేశాడు. ఏనుగును పక్కకు తీసి సీటంతా తడిమాడు. బల్ల కిందకు వంగి చూశాడు. ‘ఎలా తీసుకెళ్లారో అలాగే తీసుకురండి’ అన్న భార్య మాట చెవిలో గింగురుమంది.

"పాప... మా బుజ్జులు ఏది?"

హాలు హాలంతా లేచి నిలబడింది. రఘువీర్ లామినేషన్ కాగితం లాక్కుని చివరి వరుస చదివాడు. "పదకొండో సూత్రం సార్! ఎమర్జెన్సీ మీట నొక్కాలి!" అంటూ బల్ల మీదున్న వెంకటకృష్ణ ఫోనందుకుని నొక్కేశాడు. ‘నేను ప్రమాదంలో ఉన్నాను’ అన్న సందేశం ఆ క్షణమే నాంపల్లిలో సుధామయికి చేరింది.

ఈలోగా, తలుపు దగ్గర నిలబడి ప్రసంగం విన్న సెక్యూరిటీ కొమురెల్లి క్యాంటీన్‌లో చాయ్ తాగుతున్న పరుశురాంను కాలరు పట్టుకుని హాల్లోకి తెచ్చాడు.

"ఫోటోల జుట్టున్నది, నీకు లేదు. చెప్పు, పాపను ఏం జేసినవ్?"

"నేనేం జేస్త అన్నా? పాప బరువు లేదని సార్‌కు నేనే చెప్పిన!"

అందరూ వెంకటకృష్ణ వైపు తిరిగారు. "చెప్పాడా?" అంది అరుంధతి.

"చెప్పాడు మేడం."

"మీరేమన్నారు?"

"ఎదుగుదల పట్టిక ప్రకారమే ఉందన్నాను."

అరుంధతి నోటి మీద చెయ్యి పెట్టుకుంది. వెంకటకృష్ణ తల్లికి ఫోన్ చేశాడు. రెండుసార్లు మోగి కట్ అయింది. మళ్లీ చేశాడు, మళ్లీ కట్. మూడోసారి ఒక్క మోతకే కట్.

"మా అమ్మకు ఫోన్ ఎత్తడమే సరిగా రాదు, కట్ చేయడం ఎప్పుడు నేర్చుకుంది! మా ఇంట్లో ఎవరో ఉన్నారు!"

ఆ మాటతో కొమురెల్లి వాకీటాకీలో క్యాంపస్ గేట్లన్నీ మూయించాడు. మాణికేశ్వర్ నగర్ వైపు గోడ వెంట ఇద్దరు గార్డులు పరిగెత్తారు. ఎవరు ఎత్తుకుపోయారో, ఎక్కడ ఏడుస్తోందో, నాన్నా అని పిలుస్తోందేమో అనుకునేసరికి వెంకటకృష్ణ ఇక ఆపుకోలేక, అరవై మంది ముందు ఏనుగును గుండెకు హత్తుకుని వెక్కి వెక్కి ఏడ్చాడు.

"ఏడువకున్రి సార్, దొర్కుతది" అన్నాడు పరుశురాం, కాలరు ఇంకా కొమురెల్లి చేతిలో ఉండగానే. "నాకు గూడ బిడ్డ ఉన్నది."

అప్పుడు హాలు తలుపు తెరుచుకుంది. కామాక్షమ్మ ఆయాసపడుతూ లోపలికొచ్చింది. చంకలో బుజ్జులు, బుజ్జులు చేతిలో సగం కొరికిన జామకాయ, బుగ్గ మీద అంత దిష్టిచుక్క. పిల్ల జారకుండా కొంగుతో తన నడుముకు గట్టిగా కట్టేసుకుంది. కొడుకును చూసి ఆగి, ముడి విప్పి, పిల్లను కిందకు దించింది.

"వెళ్లు తల్లీ, నాన్నకు ఎదురెళ్లు."

బుజ్జులు పరిగెత్తింది. వెంకటకృష్ణ మోకాళ్ల మీద కూలబడి పిల్లనూ ఏనుగునూ కలిపి కావిలించుకున్నాడు. తర్వాత తల్లి వైపు తలెత్తాడు.

"అమ్మా! బెల్టు పెట్టానన్నావు కదే!"

"పెట్టాను. ఏనుక్కి బెల్టు పెట్టి గుడ్డ కప్పితేగానీ ఎదురు రావడానికి దిగనంది నీ కూతురు. ఎదురొచ్చాక, ఇంతమంది కళ్లు పడతాయి కదా అని దిష్టిచుక్క పెట్టడానికి లోపలికి తీసుకెళ్లా. బయటికొచ్చేసరికి నీ కారు సందు మలుపు తిరుగుతోంది."

"ఒక్క కేక వెయ్యొచ్చుగా!"

"బయల్దేరినవాణ్ని వెనక నుంచి ఎలా పిలుస్తానురా?"

"పోనీ ఫోన్?"

"ఫోన్లో పిలిస్తే పిలుపు కాదా?"

"మరి నేను చేస్తే ఎందుకు కట్ చేశావు?"

"ఎత్తితే ‘ఒరేయ్ కృష్ణా’ అని నోటికొచ్చేస్తుంది. నీకంటే ముందొచ్చి ఎదురుగానే చెబుదామని ఆటో ఎక్కాను. నిన్ను దాటాం కూడా. తీరా ఇక్కడికొస్తే ఈ క్యాంపస్‌లో ఏ హాలు ఎక్కడుందో ఒక్కడికీ తెలీదు."

కొమురెల్లి పరుశురాం కాలరు వదిలేసి, రెండు చేతులతో సవరించి, ఇంకో చాయ్ ఇప్పిస్తానన్నాడు. అరుంధతి తెర వైపు చూసింది, కామాక్షమ్మ చీర వైపు చూసింది, మళ్లీ తెర వైపు చూసింది. రెండుచోట్లా మామిడిపిందెల అంచే.

"ఆ ఫోటోలో ఉన్నది మీరేనా అమ్మా?"

కామాక్షమ్మ కళ్లు చికిలించింది. "నా చీరే! ఎవరు తీశారో గానీ బాగా వచ్చింది. కింద ఏం రాశారు? కళ్లజోడు ఇంట్లో ఉండిపోయింది."

వెంకటకృష్ణ ల్యాప్‌టాప్ మూశాడు.

"పిల్లను అలా ఒళ్లో పెట్టుకుని రాకూడదమ్మా, సీటు ఉండాలి" అంది అరుంధతి మెత్తగా.

"ఉండాలమ్మా, కాదన్లేదు. దాన్ని వీడు ఏనుక్కిచ్చాడు" అంది కామాక్షమ్మ. "నాకు సూత్రాలవీ తెలీవు. ఎక్కేముందు పిల్ల ఉందో లేదో చూసుకుంటాను, అంతే."

చప్పట్లు కొట్టవద్దన్న సంగతి ఆ తర్వాత ఎవరికీ గుర్తులేదు. పిల్ల ఉందో లేదో చూసుకోవాలన్న మాట ఆ పదకొండింట్లో ఎక్కడా లేదని మాత్రం రఘువీర్ కాగితం తిరగేసి మరీ చూశాడు.

తిరుగు ప్రయాణానికీ పరుశురామే. వెంకటకృష్ణ అతని చేతులు పట్టుకుని క్షమించమన్నాడు. పరుశురాం బుజ్జులును తనే సీటులో కూర్చోబెట్టి, ఏనుగును డిక్కీలో పడేసి, స్టీరింగ్ ముందు కూర్చుని వెనక్కి తిరిగి చూశాడు.

"పాప ఉన్నది. అమ్మ ఉన్నది. సార్, మీరున్నరా?"

ముప్పై దాటకుండా, హారన్ కొట్టకుండా తార్నాక చేరుకున్నారు. అప్పుడు గుర్తొచ్చి వెంకటకృష్ణ ఫోన్ చూసుకున్నాడు. ప్రసంగం కోసం శబ్దం తీసేసిన ఆ ఫోన్లో సుధామయి నుంచి ఇరవై మూడు మిస్డ్ కాల్స్, ‘ఇంటికి వస్తున్నాను’ అని ఒకే ఒక్క సందేశం. కారు సందు మలుపు తిరిగింది. గేటు ముందు, నడుం మీద చేతులు పెట్టుకుని సుధామయి వాళ్లకు ఎదురుగా నిలబడి ఉంది.

ముత్తైదువ ఎదురొస్తే శుభమని కామాక్షమ్మ ఎప్పుడూ చెప్పేది, ఆ పూట ఎందుకో చెప్పలేదు.