డోరిస్ గారి టీ ట్రే

శనివారం పొద్దున్నే పూజ ముగించి కుసుమకుమారి ఆ రోజు పనులు వేళ్ళ మీద లెక్కపెట్టుకుంది. పెరుగావడలు, కుర్చీలు, శాలువా, దండ. సాయంత్రం ఆరింటికి తమ హాల్లోనే పక్క ఫ్లాటు డోరిస్ గారికి సన్మానం. మర్నాడు ఆవిడ ఈ గల్ఫ్ ఊళ్ళో, అల్ వర్సాన్ పేటలో ఉన్న ఫ్లాటు ఖాళీ చేసి లండన్ వెళ్ళిపోతున్నారు. ఇక రారు.

ఎనభై రెండేళ్ళ డోరిస్ గారు ఒకప్పుడు వాళ్ళ దేశపు టీవీ హాస్య నాటకాల్లో నటించారు. ఎప్పుడూ పనిమనిషి వేషమే. ట్రేతో రావడం, "అమ్మగారూ, టీ చల్లారిపోతోంది" అనడం, వెళ్ళిపోవడం. ముప్ఫై ఏళ్ళూ అంతే. ఆ పాత నాటకాలు ఫోన్లో చూసినప్పుడల్లా కుసుమకుమారికి ఒకటే ఆశ్చర్యం. సోఫాలో కూర్చున్నవాళ్ళు ఏమన్నా జనం నవ్వుతారు. ఈవిడ వైపు ఎవరూ తలైనా తిప్పరు. రోజూ దేవుడికి దీపం పెట్టడానికే తనకు ఒక్కోసారి బద్ధకమేస్తుందే, ఈవిడ అన్నేళ్ళు ఆ ట్రే ఎలా మోశారు? వెళ్ళేలోగా అడగాలి. ఒక్కసారైనా ఆవిడ కోసం అందరూ లేచి నిలబడాలి.

సాయంత్రం తీరదని ముందే దీపం, అగరొత్తులు వెలిగించి వంటింట్లోకి వెళ్ళింది. భర్త మూర్తి కరామా బజారు నుంచి దండ తెచ్చాడు.

"ఎక్కడ పెట్టనోయ్?"

"ఫ్రిజ్‌లో పెట్టండి, వాడిపోతుంది."

హాల్లోని ఫ్రిజ్ తెరిస్తే నిండా పెరుగావడలు. ఆ మాట చెబితే పని పెరుగుతుందని ఎరిగినవాడు కనుక, దండను, సన్మానానికని దేవుడి అల్మారా పక్కన నిలబెట్టిన డోరిస్ గారి ఫొటోకు తగిలించి, పేపరు కప్పులు కొనడానికి వెళ్ళిపోయాడు.

కుర్చీలు తెచ్చిన వాచ్‌మన్ బుడేన్ సాహెబ్ గుమ్మంలోనే ఆగిపోయాడు. కడప మనిషి. దండేసిన ఫొటో, పక్కనే దీపం అంటే ఏమిటో ఆయనకు ఒకరు చెప్పక్కర్లేదు. పక్క ఫ్లాటుకు తాళం. డోరిస్ గారు బజారుకు వెళ్ళారని ఆయనకు తెలియదు.

"యా అల్లా! నిన్న గూడా సలామ్ జెప్పిందే!"

కుర్చీలు చప్పుడు కాకుండా దించి, కిందికెళ్ళి బిల్డింగు గ్రూపు తెరిచాడు. లిఫ్టు ఆగిందనీ, లిఫ్టు తిరిగి పనిచేస్తోందనీ రాసే గ్రూపది. "డోరిస్ మేడమ్ ఇక లేరు. ఆరింటికి మూర్తి సార్ ఇంట్లో" అని పెట్టాడు.

ఆరింటికి పైఅంతస్తు రేణుక పట్టుచీర మానుకుని తెల్లచీరలో వచ్చి కుసుమకుమారిని వాటేసుకుంది.

"గట్లెట్ల పాయెనక్కా! నిన్ననే గదా మా పోరికి ఇంగ్లీష్ చెప్పింది!"

"ఎవరు రేణుకా?"

"డోరిసమ్మ! గ్రూపుల సూడలేదా? ఫొటోకు దండ ఏసింది మీరే గదా!"

కుసుమకుమారి తిరిగి చూసింది. దండ. తను ఫ్రిజ్‌లో పెట్టమంది. ఆయన ఫొటోకు వేశారు. అంటే ఆయనకు తెలుసు! తనకు చెప్పలేక కప్పుల వంకతో బయటికి పోయారు!

"అయ్యో, అడగనే లేదే!" అంటూ కూలబడింది.

హాలు నిండింది. "లాక్‌డౌన్ల మేమందరం జరంల పడితే దినాం గుమ్మం ముంగట ట్రేల పాలు పెట్టి పోయేది" అని రేణుక అనగానే మా ఇంటికీ, మా ఇంటికీ అంటూ అందరూ ఏడ్చారు.

అప్పుడు వెనకనుంచి, కుసుమకుమారి నేర్పిన తెలుగులో ఒక గొంతు వినిపించింది.

"అమ్మగారూ, టీ చల్లారిపోతోంది."

గులాబిరంగు టోపీ, చేతిలో ట్రే, దాని మీద స్టీలు గ్లాసులు. ముందు ఒక కుర్చీ పడింది, తర్వాత బుడేన్ సాహెబ్ పడ్డాడు. హాలంతా ఒక్కసారి లేచి నిలబడింది.

ఆవిడ పది నిమిషాల నుంచీ గుమ్మంలోనే నిలబడి చూస్తున్నారట. కుసుమకుమారి ఆవిడ రెండు చేతులూ తడిమి చూసి, వెక్కుతూనే అడిగేసింది. "ముప్ఫై ఏళ్ళు ఆ ట్రే ఎలా మోశారండీ?"

డోరిస్ గారు ఇంగ్లీషులో నెమ్మదిగా చెప్పారు. "ఈసారి ఎవరో ఒకరు తల తిప్పుతారు అనుకునేదాన్ని. ప్రతిసారీ."

ఆ తర్వాత ఫొటో మీది దండ తీసి తన మెడలోనే వేసుకున్నారు.

"వద్దండీ, అశుభం!"

"ఇంతమంది ఏడ్చి ఇచ్చింది. నేను వదలను."

మూర్తి కప్పులతో లోపలికి వచ్చాడు. "అప్పుడే మొదలెట్టేశారా?"

భార్య చూసిన చూపుకు కప్పులు కింద పెట్టేశాడు. అంతలో అందరి ఫోన్లూ ఒకేసారి మోగాయి. బుడేన్ సాహెబ్ గ్రూపులో సవరణ పెట్టాడు.

"డోరిస్ మేడమ్ తిరిగి పనిచేస్తున్నారు. అంతరాయానికి చింతిస్తున్నాము."